ఫిర్యాది ఎవరు, సాక్షి ఎవరు? – ‘కోర్ట్’ చిత్రంలోనూ కన్యాశుల్కంలోనూ స్త్రీ వాంగ్మూలం

వ్యాససంగ్రహం

నేరం, న్యాయవిచారణ ఇతివృత్తంగా గల తెర కథనాల్లో సత్యం కోర్టు హాలులో, న్యాయవాది ప్రశ్నల వల్ల వెలువడుతుంది. విశాఖపట్నం నేపథ్యంగా 2025లో వచ్చిన ‘కోర్ట్’ చిత్రం ఈ నిర్మాణాన్ని స్వీకరించింది. అదే ప్రాంతంలో పుట్టిన కన్యాశుల్కం నాటకంలోనూ ఒక యువతి విషయమై ఇంటి పెద్ద పెట్టిన ఫిర్యాదు ఉంది, వకీళ్లు ఉన్నారు, కచేరీ ఉంది. కానీ అక్కడ సత్యం కచేరీ వెలుపల, సాక్షిగా నిలబడే గౌరవం లేని ఒక స్త్రీ నోట వెలువడుతుంది. ఈ రెండు రచనలనూ, రావిశాస్త్రి ‘మాయ’ కథనూ పక్కపక్కన ఉంచి, ఎవరి పేరిట కేసు నడుస్తుందో ఆ స్త్రీ మాటకు కథనంలో దక్కిన చోటును పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం.

కీలకపదాలు: న్యాయకథనం, వాంగ్మూలం, పోక్సో చట్టం, కన్యాశుల్కం, ఉత్తరాంధ్ర సాహిత్యం, రావిశాస్త్రి, ‘కోర్ట్’ చిత్రం.

1. ప్రవేశిక

టెలివిజన్‌లో న్యాయకథనానికి ఒక స్థిరమైన నిర్మాణాన్ని ఇచ్చిన ధారావాహికల్లో అమెరికాలో సి.బి.ఎస్. సంస్థ ప్రసారం చేసిన ‘పెరీ మేసన్’ ముఖ్యమైనది. 1957 సెప్టెంబరు 21న మొదలై 1966 వరకు 271 భాగాలుగా సాగిన ఈ ధారావాహికలో దాదాపు ప్రతి భాగమూ ఒకే దారిలో నడుస్తుంది. ఒక హత్య జరుగుతుంది. నిర్దోషి మీద నేరం పడుతుంది. కోర్టులో మేసన్ వేసే ప్రశ్నలకు తట్టుకోలేక అసలు నేరస్థుడు అందరి ముందూ బయటపడతాడు. ‘ది కేస్ ఆఫ్ ది రెస్ట్‌లెస్ రెడ్‌హెడ్’ అనే మొదటి భాగంలో నిందితురాలు ఒక యువతి. ఆమె నిర్దోషిత్వాన్ని రుజువు చేసేది ఆమె మాట కాదు, ఆమె న్యాయవాది చాతుర్యం. 1990లో మొదలైన ‘లా అండ్ ఆర్డర్’ పోలీసు దర్యాప్తునూ ప్రాసిక్యూషన్ వాదననూ రెండు భాగాలుగా చేసి ఈ నిర్మాణాన్ని మార్చింది. అయినా కోర్టు హాలే కథకు గమ్యమన్న నియమం చెక్కుచెదరలేదు. హిందీలో 2010లో మొదలైన ‘అదాలత్’, 2019 నాటి ‘క్రిమినల్ జస్టిస్’, తెలుగులో 2023లో ఆనంద్ రంగా దర్శకత్వంలో వచ్చిన ‘వ్యవస్థ’ వంటివి ఈ సంప్రదాయానికి భారతీయ రూపాలు.

ఈ నిర్మాణం ప్రేక్షకునికి ఒక నమ్మకాన్ని అలవాటు చేస్తుంది. నిజం ఎంత లోతున దాగినా కోర్టులో బయటపడుతుందనీ, దాన్ని వెలికితీయడానికి సమర్థుడైన న్యాయవాది చాలుననీ ఆ నమ్మకం. నిజం తెలిసిన వ్యక్తికి దాన్ని చెప్పే వీలు ఉన్నదా, చెబితే ఆ మాట నమోదవుతుందా అన్న ప్రశ్న ఈ నిర్మాణంలో వెనక్కు పోతుంది. ఉత్తరాంధ్ర సాహిత్యం మాత్రం ఆ ప్రశ్నను నూరేళ్లకు ముందే ముందుకు తెచ్చింది. ప్రస్తుత పరిశీలనకు ఆధారం ఈ వ్యత్యాసమే.

2. ‘కోర్ట్’ చిత్రం – ఇతివృత్తం, బలం

రామ్ జగదీశ్ తొలి దర్శకత్వంలో, నాని సమర్పణలో, వాల్ పోస్టర్ సినిమా సంస్థ నిర్మించిన ‘కోర్ట్ – స్టేట్ వర్సెస్ ఎ నోబడీ’ 2025 మార్చి 14న విడుదలైంది. థియేటర్ల తరువాత ఓటీటీ ద్వారా ఇళ్లలోకి చేరి, ధారావాహికలు చూసే ప్రేక్షకులకు కూడా దగ్గరైంది. కథాకాలం 2013, కథాస్థలం విశాఖపట్నం. వాచ్‌మన్ కొడుకు చంద్రశేఖర్‌కు పంతొమ్మిదేళ్లు, కలిగిన కుటుంబానికి చెందిన జాబిల్లికి పదిహేడేళ్లు. వారి ప్రేమ తెలిసిన జాబిల్లి బంధువు మంగపతి కుటుంబ పరువు పేరిట ఆ యువకుని మీద కేసు పెట్టిస్తాడు. అందులో పోక్సో చట్టం కూడా చేరుతుంది. సీనియర్ న్యాయవాది మోహనరావు దగ్గర జూనియర్‌గా ఉన్న సూర్యతేజ ఆ కేసును చేపడతాడు. ప్రియదర్శి, శివాజీ, సాయికుమార్, హర్ష్ రోషన్, శ్రీదేవి ప్రధాన పాత్రధారులు.

ఈ చిత్రం గుణాలను ముందుగా గుర్తించాలి. చట్టం పేరు కూడా తెలియని పేద కుటుంబం కేసులో చిక్కుకున్నప్పుడు ఎంత నిస్సహాయంగా ఉంటుందో అది చూపింది. పరువు అనే మాట ఇంటి స్త్రీల దుస్తుల నుంచి పోలీసు స్టేషను వరకు ఎలా విస్తరిస్తుందో మంగపతి పాత్ర ద్వారా స్పష్టం చేసింది. బాలల రక్షణకు వచ్చిన చట్టం పెద్దల ప్రతీకారానికి సాధనం కాగలదన్న సున్నితమైన అంశాన్ని, చట్టాన్ని తూలనాడకుండా, చట్టం పట్ల అవగాహన అవసరమన్న దిశగా నడిపింది. 2012 నవంబరు 14న పోక్సో చట్టం అమలులోకి వచ్చింది కనుక 2013ను కథాకాలంగా ఎంచుకోవడం కూడా ఆలోచించి చేసినదే. ఆ చట్టం గురించి అప్పటికి సామాన్యులు విని ఉండే అవకాశం చాలా తక్కువ.

ఇన్ని గుణాలున్న చిత్రం కనుకనే దాని నిర్మాణంలోని ఒక లోటును విమర్శ పట్టించుకోవలసి ఉంది. ఈ కథలో ఏం జరిగిందో స్వయంగా తెలిసినవారు ఇద్దరే. ఒకరు నిందితుడు, మరొకరు జాబిల్లి. కానీ కథనం ఉత్కంఠ బరువంతా సూర్యతేజ వాదన మీద ఆనుతుంది. జాబిల్లి ఏం చెప్పగలదు అన్నదాని కంటే, ఆమె గురించి ఎవరు ఏం రుజువు చేస్తారు అన్నదే కథను ముందుకు తోస్తుంది.

3. పేరులో లేని వ్యక్తి

చిత్రం ఉపశీర్షిక ఈ విషయంలో యాదృచ్ఛికంగానే ఎంతో చెబుతుంది. ఒకవైపు రాజ్యం, మరొకవైపు ఎవరికీ పట్టని ఒక సామాన్యుడు. నేరన్యాయ విధానంలో కేసు పేరు నిజంగానే అలా ఉంటుంది. నేరం వ్యక్తికి జరిగినా అది రాజ్యానికి వ్యతిరేకంగా జరిగినట్లు చట్టం భావిస్తుంది. కనుక కక్షిదారులు రాజ్యమూ, నిందితుడూ మాత్రమే. ఎవరి మీద నేరం జరిగిందంటున్నారో ఆ వ్యక్తి కక్షిదారు కాదు, ప్రాసిక్యూషన్ తరఫు సాక్షి. అభియోగపత్రంలోని సాక్షుల జాబితాలో ఒక అంకె పక్కన మాత్రమే ఆ వ్యక్తికి చోటు దొరుకుతుంది.

‘ఎ నోబడీ’ అన్న మాట చంద్రశేఖర్‌కు వర్తించాలన్నది చిత్రకారుల ఉద్దేశం. ఆర్థిక, సామాజిక స్థాయి దృష్ట్యా ఆ మాట సమంజసమే. కానీ అతని పేరు కేసు కాగితాల మీద ఉంది, అతనికి న్యాయవాది ఉన్నాడు, అతని తరఫున కథే నడుస్తోంది. జాబిల్లికి కేసులో పేరు లేదు, తనదంటూ ఒక న్యాయవాది లేడు. ఆమె తరఫున మాట్లాడుతున్నామనే వారందరూ ఆమె ఇష్టానికి విరుద్ధంగా మాట్లాడేవారే. ఆ శీర్షికలోని ‘ఎవరూ కాని వ్యక్తి’ నిజానికి ఆమె కూడా. చిత్రం ఒకరి నిస్సహాయతకు పేరు పెట్టి, రెండవవారి నిస్సహాయతను కథకు కారణంగా మాత్రమే వాడుకుంది.

4. చట్టం ఊహించిన గది, తెర చూపే గది

తెర మీది న్యాయకథనాల్లో కోర్టు ఒక రంగస్థలం. ప్రేక్షకులు నిండిన హాలు, ఎదురెదురుగా నిలబడ్డ న్యాయవాదులు, బోనులో కలవరపడే సాక్షి, ఒక్కొక్క ప్రశ్నకూ మారే ముఖాలు. పోక్సో చట్టం ఊహించిన గది దీనికి పూర్తిగా భిన్నమైనది. ఆ చట్టం 37వ సెక్షను ప్రకారం విచారణ రహస్యంగా, బాలలు నమ్మిన వ్యక్తుల సమక్షంలో జరగాలి. 36వ సెక్షను ప్రకారం సాక్ష్యం నమోదయ్యే సమయంలో బాలలు నిందితునికి ఎదురుపడకూడదు. అయితే నిందితుడు ఆ మాటలు వినగలిగే ఏర్పాటు ఉండాలి. 33వ సెక్షను ప్రకారం ఉభయ పక్షాల న్యాయవాదులూ తమ ప్రశ్నలను ప్రత్యేక న్యాయస్థానానికి తెలపాలి, న్యాయమూర్తి వాటిని బాలలను అడగాలి. దూకుడుగా ప్రశ్నించడాన్నీ, శీలాన్ని కించపరచడాన్నీ అదే సెక్షను నిషేధించింది. న్యాయకథనానికి ప్రాణమని భావించే క్రాస్ ఎగ్జామినేషన్ ఇక్కడ న్యాయవాది గొంతులో కాక న్యాయమూర్తి గొంతులో వినిపించాలి.

అంతకంటే ముఖ్యమైనది 26వ సెక్షను. బాలలు చెప్పిన మాటను వారు పలికినట్లుగానే, తల్లిదండ్రుల సమక్షంలో గానీ, బాలలు నమ్మిన మరొకరి సమక్షంలో గానీ నమోదు చేయాలని అది నిర్దేశిస్తుంది. 24వ సెక్షను ప్రకారం ఆ నమోదు బాలల ఇంటి వద్దనో వారు కోరిన చోటనో జరగాలి, నమోదు చేసే పోలీసు అధికారి యూనిఫాంలో ఉండకూడదు. పరాయి మనిషి చేసిన దౌర్జన్యం విషయంలో ఈ నియమాలు ఎంతో మేలు చేస్తాయి. భయపడిన బిడ్డకు తల్లి పక్కన ఉండడం కంటే రక్షణ వేరే ఏముంటుంది? కానీ ఫిర్యాది ఇంటి పెద్దే అయినప్పుడు, ఆ ఇల్లే ఆమె నోరు నొక్కినప్పుడు, అవే నియమాలు తిరగబడతాయి. ఆమె మాట నమోదయ్యే చోటు ఆమె మాట్లాడలేని చోటే అవుతుంది. నమ్మిన మరొకరిని కోరే హక్కు చట్టంలో ఉంది. అయితే ఆ హక్కు ఉన్నదని ఆమెకు చెప్పేదెవరు?

‘కోర్ట్’ చిత్రానికి ఇతివృత్తం అందించిన నిజమైన నాటకీయ సన్నివేశం ఇదే. మఫ్టీలో ఒక అధికారిణి ఇంటి హాలులో కూర్చుని, కాగితం తీసి, పదిహేడేళ్ల పిల్లను ఏం జరిగిందని అడుగుతుంది. పక్క గదిలో పెద్దలు ఉన్నారు. ఆ పిల్ల పలికే ప్రతి మాటకూ రెండు ఇళ్ల భవిష్యత్తు ముడిపడి ఉంది. ఇక్కడ నిజం బయటకు వస్తుందా రాదా అన్నది ఏ న్యాయవాది చాతుర్యం మీదా ఆధారపడదు. మంగపతి నియంత్రణను చిత్రం చూపింది, గట్టిగానే చూపింది. కానీ ఆ నియంత్రణ ఒక వాంగ్మూలంగా ఎలా మారుతుందన్న ప్రశ్న దగ్గర కథనం నిలవలేదు. దాన్ని దాటి, ప్రేక్షకునికి పరిచితమైన కోర్టు హాలుకు చేరుకుంది.

5. అగ్నిహోత్రావధాన్ల ఫిర్యాదు

ఇంటి ఆడపిల్ల విషయమై ఇంటి పెద్ద యువకుని మీద ఫిర్యాదు చేయడం తెలుగు సాహిత్యానికి కొత్త ఇతివృత్తం కాదు. కన్యాశుల్కంలో అగ్నిహోత్రావధాన్లు చేసిందీ అదే. బాలవితంతువైన కూతురు బుచ్చమ్మను గిరీశం తీసుకుపోయాడని ఆయన కచేరీకి ఎక్కుతాడు. నాటకం మొదటి రూపం విజయనగరంలో 1892లో ప్రదర్శితమై 1897లో అచ్చయింది. ఇప్పుడు చదువుతున్న విస్తృత రూపం 1909 నాటిది. మొదటి ప్రదర్శనకు ముందు సంవత్సరం, 1891లో, బ్రిటిష్ ప్రభుత్వం సమ్మతి వయసును పది నుంచి పన్నెండేళ్లకు పెంచింది. ఆడపిల్ల వయసు ఎంత, ఆమె ఎవరి అధీనంలో ఉన్నది అన్న చర్చ దేశమంతటా సాగుతున్న కాలంలో ఈ నాటకం పుట్టింది.

అప్పటి భారత శిక్షాస్మృతి 361వ సెక్షను పదహారేళ్ల లోపు ఆడపిల్లను సంరక్షకుని అనుమతి లేకుండా తీసుకుపోవడాన్ని అపహరణగా నిర్వచించింది. ఆ నిర్వచనంలో అనుమతి అనే మాట సంరక్షకునికి సంబంధించినది, పిల్లకు సంబంధించినది కాదు. చట్టం ముందు నష్టపోయినవాడు తండ్రి. బుచ్చమ్మ వయసు ఆ సెక్షనుకు లోబడుతుందా లేదా అన్నది అలా ఉంచితే, తండ్రి కచేరీకి వెళ్లడం వెనుక ఉన్న భావన మాత్రం ఇదే.

గురజాడ ఈ ఫిర్యాదును ఏ విధంగా నడిపాడో గమనించాలి. డిప్యూటీ కలెక్టరు కచేరీ, వకీళ్లు, దళారి పాత్రలో రామప్పంతులు, కోపం అణచుకోలేని ఫిర్యాది అక్కడ ఉన్నారు. అక్కడ లేనిది బుచ్చమ్మ ఒక్కతే. ఆమె ఎందుకు వెళ్లిందన్న ప్రశ్న ఆ కచేరీలో ఎవరూ అడగరు. పాఠకునికి, ప్రేక్షకునికి మాత్రం అది తెలుసు. గిరీశం మాటల మీద నమ్మకం, వితంతు జీవితం నుంచి బయటపడాలన్న కోరిక, చెల్లెలు సుబ్బిని ముసలి లుబ్ధావధాన్లుకు ఇచ్చే పెళ్లి తన నిర్ణయం వల్ల తప్పుతుందన్న ఆశ, ఇవన్నీ కలిసి ఆమెను కదిలించాయి. ఆమె ఇష్టపడి వెళ్లింది, మోసపోయి కూడా వెళ్లింది. ఇంత సంక్లిష్టమైన మనోస్థితికి అవునా కాదా అని అడిగే కచేరీలో చోటు లేదు. గురజాడ ఆమెను బోను ఎక్కించకపోవడం వదిలివేత కాదు, ఆ కచేరీ స్వభావం మీద తీర్పు.

6. లేని పిల్ల కోసం హత్య కేసు

నాటకంలోని రెండవ కేసు ఇంకా విచిత్రమైనది. కరటకశాస్త్రి తన శిష్యుడు మహేశానికి ఆడవేషం వేసి, కూతురని చెప్పి లుబ్ధావధాన్లుకు అమ్ముతాడు. పెళ్లయిన తరువాత ఆ ‘పెళ్లికూతురు’ మాయమవుతుంది. లుబ్ధావధాన్లు మీద హత్యానేరం పడుతుంది. అంటే ప్రభుత్వ యంత్రాంగమంతా లేని ఒక ఆడపిల్ల కోసం కదిలింది. నిజంగా ఉన్న ఆడపిల్లలు, శుల్కానికి అమ్ముడుపోబోతున్న సుబ్బి, అమ్ముడుపోయి వితంతువైన బుచ్చమ్మ, వీరిలో ఒక్కరి కోసమూ ఆ యంత్రాంగం కదలలేదు. పిల్లను అమ్మడం నేరం కాని వ్యవస్థలో, కొన్న పిల్ల కనబడకపోవడం మాత్రమే నేరమయింది.

ఈ కేసులో నిజం తెలిసిన కరటకశాస్త్రి కచేరీకి వచ్చి చెప్పలేడు. చెబితే తానే నేరంలో చిక్కుకుంటాడు. లుబ్ధావధాన్లు పక్షాన నిలిచిన వకీలు సౌజన్యారావు పంతులు సజ్జనుడు, సమర్థుడు. తెర మీది న్యాయకథనమైతే అతని ప్రశ్నలకు తట్టుకోలేక ఎవరో ఒకరు బోనులో నిజం కక్కేవారు. గురజాడ నాటకంలో అతనికి ఏ సాక్షీ దొరకడు. నిజం అతని ఇంటికి రాత్రివేళ మగవేషంలో వస్తుంది. ఆ వచ్చినది మధురవాణి. వేశ్యల ముఖం చూడనని నియమం పెట్టుకున్న పెద్దమనిషి ముందు, వేశ్య తన వేషం దాచుకుంటే తప్ప నిజం చెప్పలేని పరిస్థితి అది.

ఆ సన్నివేశాన్ని ఒక వాంగ్మూలంగా చదివితే కొన్ని విషయాలు స్పష్టమవుతాయి. మొదటిది, ఆమె తన మాటకు షరతు పెడుతుంది. సాక్షికి కోర్టులో లేని స్వేచ్ఛ ఇది. రెండవది, విన్నవాని మీద పరీక్ష జరుగుతుంది. కోర్టులో సాక్షిని న్యాయవాది పరీక్షిస్తాడు, ఇక్కడ న్యాయవాదిని సాక్షి పరీక్షిస్తుంది. మూడవది, నాటకంలో తీర్పు రంగమే లేదు. లుబ్ధావధాన్లు విడుదల కావడం మనం చూడము. నిజం ఒకరి నుంచి ఒకరికి చేరిన చోట గురజాడ కేసును వదిలేశాడు. న్యాయకథనం తన శిఖరంగా భావించే తీర్పు ఆయనకు అవసరమనిపించలేదు.

అయినా ఈ ముగింపును పూర్తి విజయమని చెప్పలేము. బుచ్చమ్మను పూనాలోని వితంతు శరణాలయానికి పంపాలని సౌజన్యారావు నిర్ణయిస్తాడు. గిరీశం బారి నుంచి ఆమెను కాపాడే నిర్ణయమే అది. కానీ అది కూడా ఆమె లేని చోట, ఆమెను అడగకుండా జరిగిన నిర్ణయం. తండ్రి కచేరీలోనూ ఆమె లేదు, సంస్కర్త ఇంటిలోనూ లేదు. ఈ లోటును నాటకం కప్పిపుచ్చలేదు. ఆమె ఖాళీ స్థానం చివరి వరకు కనిపిస్తూనే ఉంటుంది.

7. కక్షిదారు పాఠం

గురజాడ తరువాత ఇదే ప్రాంతం నుంచి న్యాయస్థానాన్ని లోపలి నుంచి చూసిన రచయిత రాచకొండ విశ్వనాథశాస్త్రి. 1922లో శ్రీకాకుళంలో జన్మించి విశాఖపట్నంలో న్యాయవాదిగా పనిచేసిన ఆయన, మద్యనిషేధ కాలపు కోర్టుల చుట్టూ ‘ఆరు సారా కథలు’ రాశారు. వాటిలో ‘మాయ’ కథలో సారా కేసులో ఇరుక్కున్న ముత్యాలమ్మ యువ ప్లీడరుకు లోకం తీరు వివరిస్తుంది. ఉత్తరాంధ్ర పలుకుబడిలో సాగిన ఆమె మాటలు న్యాయశాస్త్రం చదివినవానికి చదువు చెప్పే మాటలు. పోలీసు, సాక్షి, వకీలు, న్యాయాధికారి ఒకరితో ఒకరు ఎలా ముడిపడి ఉన్నారో ఆమెకు తెలిసినంతగా అతనికి తెలియదు.

ఇక్కడ కూడా స్త్రీ తన నిజాన్ని పూర్తిగా చెప్పగలిగేది కోర్టు వెలుపలే. కోర్టు రికార్డులో ఆమె మాట కొన్ని ముక్తసరి జవాబులుగా కుదించుకుపోతుంది. ఆమె పలుకుబడి, ఆమె వాదన, ఆమె హాస్యం, ఆమె కోపం ఏవీ కాగితం మీదకు ఎక్కవు. బాలల మాటను వారు పలికినట్లుగానే రాయాలని 2012 చట్టం కోరిన నియమాన్ని, రావిశాస్త్రి కథకునిగా అర్ధశతాబ్దం ముందే పాటించారు. కోర్టు నమోదు చేయని గొంతును కథ నమోదు చేసింది.

మధురవాణి, ముత్యాలమ్మ, జాబిల్లి ఒకరి వంటివారు ఒకరు కారు. ఒకరు వేశ్య, మరొకరు సారా అమ్మే పేదరాలు, మూడవది కలిగిన ఇంటి చదువుకునే పిల్ల. మొదటి ఇద్దరికీ లోకానుభవం ఉంది, మూడవ పాత్రకు ఆ అవకాశమే ఇంకా రాలేదు. కానీ రచయితల దృష్టిలో ఒక ముఖ్యమైన తేడా ఉంది. గురజాడ, రావిశాస్త్రి న్యాయవాదిని వినేవానిగా చేశారు. ‘కోర్ట్’ చిత్రం న్యాయవాదిని చెప్పేవానిగా చేసింది.

8. ఒక ఆక్షేపణ

జాబిల్లి మాటకు ఎక్కువ చోటు ఇవ్వాలని కోరడం పోక్సో చట్టం ఉద్దేశాన్ని పలచన చేయదా అన్న ప్రశ్న రావచ్చు. పద్ధెనిమిదేళ్ల లోపు వారి సమ్మతికి ఆ చట్టంలో విలువ లేదు. అలా నిర్ణయించడానికి బలమైన కారణాలు ఉన్నాయి. భయంతోనో, ఆశతోనో, ఆధారపడి ఉండడం వల్లనో పలికించిన అవును అనే మాట చాటున ఎన్నో దౌర్జన్యాలు దాగి ఉంటాయి. 2023 సెప్టెంబరులో లా కమిషన్ తన 283వ నివేదికలో ఈ వయసును పదహారుకు తగ్గించవద్దనే సూచించింది. పదహారు, పద్ధెనిమిదేళ్ల మధ్య వయసువారి కేసుల్లో పరిస్థితులను బట్టి శిక్ష విషయంలో న్యాయమూర్తికి కొంత విచక్షణ ఉండాలని మాత్రమే చెప్పింది.

ఈ వ్యాసం ఆ వయోపరిమితి మీద తీర్పు చెప్పదు. సమ్మతి వేరు, వాంగ్మూలం వేరు. సమ్మతికి చట్టపరమైన విలువ లేని చోట కూడా వాంగ్మూలానికి విలువ ఉంది. ఆ విలువ కోసమే చట్టం ఇన్ని సెక్షన్లు రాసింది. 2025 మే 23న సుప్రీంకోర్టు ఒక పోక్సో కేసులో ఇచ్చిన తీర్పు ఈ తేడాను అర్థం చేసుకోవడానికి ఉపకరిస్తుంది. ఆ కేసు వివరాలు ‘కోర్ట్’ కథ వంటివి కావు. ఘటన నాటికి బాలిక వయసు పద్నాలుగే. నేరం రుజువైందని నిర్ధారించిన న్యాయస్థానం, శిక్ష దశలో, అప్పటికి పెద్దదైన ఆ స్త్రీతో నిపుణుల కమిటీ మాట్లాడే ఏర్పాటు చేసింది. జరిగిన ఘటన కంటే ఆ తరువాతి పరిణామాలు, న్యాయప్రక్రియ ఆమెను ఎక్కువగా గాయపరిచాయని ఆ కమిటీ ద్వారా తెలుసుకుని, రాజ్యాంగం 142వ అధికరణం కింద ప్రత్యేకాధికారంతో శిక్ష విధించకుండా ఆగింది. ఇతర కేసులకు దాన్ని పూర్వోదాహరణగా తీసుకోరాదని కూడా చెప్పింది. ఇక్కడా ఒక స్త్రీ మాట బోనులో కాక, బోను వెలుపల, వినడానికే వచ్చిన మనుషుల ముందు వెలువడింది. సౌజన్యారావు ఇంటి గది, ముత్యాలమ్మ మాట్లాడిన చోటు తమ కాలంలో చేసిన పనిని ఈ కాలంలో ఒక కమిటీ గది చేసింది.

9. ముగింపు

ఈ పరిశీలనలో తేలిన అంశాలు ఇవి.

తెర మీది న్యాయకథనం నిజాన్ని వెలికితీసే పనిని న్యాయవాదికి అప్పగిస్తుంది. ‘కోర్ట్’ చిత్రం ఈ సంప్రదాయంలో నిజాయితీ గల రచన. పేద నిందితుని పక్షాన నిలిచి, చట్టావగాహన అవసరాన్ని గట్టిగా చెప్పింది. కానీ ఏ పిల్ల పేరిట కేసు నడిచిందో ఆ పిల్ల మాట ఎలా తయారవుతుంది, ఎలా అణగిపోతుంది అన్న అంశాన్ని కథనానికి కేంద్రం చేయలేదు.

కన్యాశుల్కం అదే తరహా ఫిర్యాదును తీసుకుని, కచేరీని నిజం వెలువడని చోటుగా చూపింది. బుచ్చమ్మ గైర్హాజరును దాచలేదు. నిజాన్ని మధురవాణికి అప్పగించి, తీర్పు రంగాన్ని వదులుకుంది. ‘మాయ’ కథ న్యాయవాదిని శ్రోతగా మార్చి, కోర్టు రాయని గొంతుకు అక్షరరూపం ఇచ్చింది.

ఈ పోలిక కేవలం సాహిత్య చరిత్రకు సంబంధించినది కాదు. ఎచ్చెర్లలోని డాక్టర్ బి.ఆర్. అంబేడ్కర్ విశ్వవిద్యాలయ పరిధిలోని డిగ్రీ కళాశాలల్లో మొదటి సంవత్సరం తరగతిలో పదిహేడేళ్లు నిండినవారూ, పద్ధెనిమిది దాటినవారూ ఒకే బల్ల మీద కూర్చుంటారు. చట్టం గీసిన గీత ఆ బల్ల మధ్య నుంచి పోతుంది. కన్యాశుల్కాన్ని ఆ తరగతిలో హాస్యనాటకంగా, సంఘసంస్కరణ నాటకంగా బోధించడం అలవాటు. దాన్ని వాంగ్మూలం గురించిన నాటకంగా కూడా బోధించవచ్చు. బుచ్చమ్మను కచేరీలో ఎవరైనా అడిగి ఉంటే ఆమె ఏం చెప్పేది అన్న ప్రశ్నను విద్యార్థుల ముందు ఉంచవచ్చు. తమ మాట నమోదయ్యే వేళ తాము నమ్మిన ఒక మనిషి పక్కన ఉండాలని కోరే హక్కు చట్టంలో ఉన్నదని ఆ పాఠంతోపాటే చెప్పవచ్చు. ఆ ఒక్క వాక్యం తెలిసిన విద్యార్థినికి, అవసరం పడిన రోజున, ఎంత సమర్థుడైన న్యాయవాది ప్రసంగం కంటే కూడా అది ఎక్కువ అక్కరకు వస్తుంది.